ఏడో నెలలో పాపను ఇంట్లో వదిలి ఉద్యోగానికి వెళ్తే నేను మంచి తల్లిని కానా?

ప్రశ్న: బెజవాడ బ్యాంకు ఉద్యోగిని

నేను విజయవాడలో ఒక ప్రైవేటు బ్యాంకు శాఖలో పనిచేస్తున్నాను. నా వయస్సు 31 సంవత్సరాలు, పాప మాకు తొలి సంతానం. ప్రసవానికి మూడు వారాల ముందు సెలవులోకి వెళ్ళాను. 26 వారాల ప్రసూతి సెలవు ముగిశాక నిల్వ ఉన్న మరో 40 రోజుల సెలవును కూడా వాడుకుంటున్నాను. అదీ ఇంకో మూడు వారాల్లో అయిపోతుంది. నేను తిరిగి విధుల్లో చేరేనాటికి పాపకు ఏడో నెల నడుస్తూ ఉంటుంది. పగలంతా పాపను మా అత్తగారు చూసుకుంటారన్నది నేను గర్భవతిగా ఉన్నప్పటి నుంచీ ఇంట్లో అందరూ అనుకుంటున్న మాటే. మా వారు ఏలూరులో పనిచేస్తారు. ఉదయం ఏడింటికి రైలెక్కితే రాత్రి ఎనిమిదికి ఇంటికి చేరతారు.

గత వారం పాపకు అన్నప్రాశన చేశాం. ఆనవాయితీ ప్రకారం పాప ముందు పుస్తకం, కలం, బంగారం, డబ్బు, పువ్వులు పెట్టగా అది పాకలేక పొట్ట మీదే ముందుకు జరిగి కలాన్ని పట్టుకుంది. ‘తల్లిలాగే బ్యాంకులో సంతకాలు పెడుతుంది’ అని ఎవరో నవ్వారు. అప్పుడు మా అత్తగారు, ఎవరి వైపూ చూడకుండా, ‘మంచి తల్లి అయితే ఈ వయసు బిడ్డను వదిలి వెళ్ళదు’ అన్నారు. ఆవిడ నన్ను నొప్పించే మనిషి కారు. పెళ్ళయిన నాలుగేళ్ళలో నన్ను ఒక్క పరుషమైన మాట అనలేదు. అందుకే ఆ మాట నా మనస్సులో ముల్లులా దిగబడిపోయింది. మాటలు విసిరే మనిషి అని ఉంటే ఆ సాయంత్రానికే మరిచిపోయేదాన్ని.

ఇంటి రుణం వాయిదా కట్టడానికి నా జీతం కావాలి. ఈ కారణం చెప్తే ఎవరూ నన్ను తప్పుపట్టరని తెలుసు. కానీ ఇక్కడ నన్ను ఎవరూ ఎరగరు కాబట్టి దాచకుండా రాస్తున్నాను: వాయిదా లేకపోయినా నేను ఉద్యోగానికి వెళ్ళేదాన్నేనేమో. నాకు ఆ పని ఇష్టం. సాయంత్రం లెక్క పైసాతో సహా సరిపోయినప్పుడు కలిగే తృప్తి ఇష్టం. బిడ్డను కన్న తరువాత కూడా ఆ ఇష్టం తగ్గలేదని తెలిసినప్పటి నుంచి, నాలో తల్లికి ఉండవలసినదేదో లేదేమోనని అనుమానం పట్టుకుంది. రాత్రి పాప నిద్రపోయాక కూడా నాకు నిద్ర పట్టడం లేదు, మధ్యాహ్నాలు ఊరికే కళ్ళ నీళ్ళు వస్తున్నాయి.

నేను తెలుసుకోదలచినవి రెండు. ఈ వయస్సులో తల్లి పగలంతా దగ్గర లేకపోతే బిడ్డకు నిజంగా నష్టం జరుగుతుందా? రెండోది, ‘మంచి తల్లి’ అన్న మాటకు అర్థం ఏమిటి? దాన్ని ఎవరు, దేన్ని బట్టి నిర్ణయిస్తారు?


జవాబు: గుంటూరు గృహిణి

మీకు నచ్చే మాట చాలామంది చెప్తారు కాబట్టి నేను నచ్చని మాట చెప్తాను; మన్నించండి. మీ అత్తగారు అన్నదాంట్లో నిజం ఉంది. ఏడో నెల నుంచి ఏడాది నిండే వరకు బిడ్డ రోజుకొక కొత్త సంగతి నేర్చుకుంటుంది. కూర్చోవడం, పాకడం, పట్టుకుని నిలబడడం, మొదటి మాట, ఇవన్నీ పగటిపూటే, మీరు కౌంటరు దగ్గర ఉన్నప్పుడే జరుగుతాయి. అవి రెండోసారి జరగవు. రుణం వాయిదాను బ్యాంకుతో మాట్లాడి కొంతకాలం తగ్గించుకోవచ్చునన్న సంగతి నాకంటే మీకే బాగా తెలుసు. జీతం లేని సెలవు ఆరు నెలలైనా దొరుకుతుందేమో అడిగి చూడండి.

నేను ఒక ప్రైవేటు పాఠశాలలో లెక్కలు చెప్పేదాన్ని. మా బాబు పుట్టాక మానేశాను, ఈ రోజు వరకు ఒక్కసారి కూడా పశ్చాత్తాపపడలేదు. ఉద్యోగం మీద ఇష్టం ఉండడం తప్పని నేను అనడం లేదు. ఆ ఇష్టం ఏడాది ఆగగలదు, బిడ్డ వయస్సు ఆగదు అంటున్నాను.


జవాబు: పిల్లల వార్డు నర్సు

నేను ప్రభుత్వ ఆసుపత్రి పిల్లల విభాగంలో 22 ఏళ్ళుగా పనిచేస్తున్నాను. పైన రాసిన సోదరి అనుభవాన్ని గౌరవిస్తూనే, నా పనిలో నేను చూసినవీ చదివినవీ కొన్ని చెప్తాను. ముందుగా మీరు చివరలో, అదేదో చిన్న సంగతి అన్నట్టుగా, రాసిన వాక్యం గురించి. బిడ్డ నిద్రపోయినా తల్లికి నిద్ర పట్టకపోవడం, కారణం లేకుండా ఏడుపు రావడం రెండు వారాలకు మించి సాగితే దాన్ని బాలింతల మామూలు దిగులుగా తీసిపారేయకూడదమ్మా. ప్రసవానంతరం వచ్చే కుంగుబాటు తొలి ఏడాదిలో ఎప్పుడైనా మొదలు కావచ్చు, దానికి చికిత్స ఉంది. కాన్పు చేసిన వైద్యురాలికి ఈ రెండు లక్షణాలను ఉన్నవి ఉన్నట్టుగా చెప్పండి. ముందు ఎవరితోనైనా మాట్లాడాలనిపిస్తే టెలీ మానస్ అనే ప్రభుత్వ సహాయ కేంద్రం ఉంది. 14416 నంబరుకు చేస్తే తెలుగులోనే మాట్లాడతారు, డబ్బు కట్టనక్కరలేదు. మీరు ఇప్పుడు మీ మీద ఇస్తున్న తీర్పులో ఎంత భాగం మీ ఆలోచనో, ఎంత భాగం ఆ నిద్రలేమిదో తేలాలంటే ఇది మొదట జరగాలి.

ఇక పాల సంగతి. మొదటి ఆరు నెలలు తల్లిపాలు మాత్రమే పట్టాలనీ, తరువాత ఇతర ఆహారంతో పాటు రెండేళ్ళు, ఆపైన కూడా పాలు కొనసాగించవచ్చుననీ ప్రపంచ ఆరోగ్య సంస్థ చెప్తోంది. మొదటి మెట్టు మీరు దాటేశారు. రెండోది ఉద్యోగం వల్ల ఆగిపోవలసిన పని లేదు. ఉదయం బయలుదేరే ముందు ఒకసారి, శాఖలో మధ్యాహ్నం ఒకటి రెండు సార్లు పాలు పిండి, మరిగించి ఆరబెట్టిన మూత ఉన్న స్టీలు గిన్నెలో గానీ గాజు పాత్రలో గానీ దాచుకోవచ్చు. గదిలో నాలుగు గంటలు నిల్వ ఉంటాయని అంటారు గానీ అది 25 డిగ్రీల గదికి చెప్పిన లెక్క, మన బెజవాడ వేసవికి చెప్పింది కాదు. అందుకే వెంటనే ఫ్రిజ్‌లో పెట్టండి. అక్కడ నాలుగు రోజుల వరకు పనికివస్తాయి. ఇంటికి తెచ్చేటప్పుడు మంచు గడ్డలు పెట్టిన సంచిలో తేవాలి. పట్టేటప్పుడు పొయ్యి మీద కాచకూడదు, వేడినీళ్ళ గిన్నెలో ఉంచి గోరువెచ్చన చేస్తే చాలు. పాలపీక సీసా కొనకండి. మన అమ్మమ్మలు వాడిన ఉగ్గుగిన్నెతో పట్టండి: కడగడం సులువు, జబ్బుల భయం తక్కువ, బిడ్డ రొమ్ము పట్టడం మరిచిపోదు. ఉగ్గుగిన్నెతో పాటు వసకొమ్ము, తేనె కూడా పెట్టెలోంచి బయటికి వస్తాయి. వాటిని మాత్రం లోపలే ఉంచమని మీ అత్తగారికి నా మాటగా చెప్పండి. ఏడాది నిండని బిడ్డకు తేనె నాకించడం ప్రమాదం.

1961 నాటి ప్రసూతి ప్రయోజన చట్టం, విధుల్లో చేరిన తల్లికి బిడ్డ 15 నెలల వయస్సు వచ్చేదాకా మామూలు విశ్రాంతి సమయం కాక రోజుకు రెండు పాలిచ్చే విరామాలు ఇవ్వాలంది. 2017లో దాన్ని సవరించినప్పుడు సెలవును 12 వారాల నుంచి 26 వారాలకు పెంచడంతో పాటు, 50 మంది గానీ అంతకు మించి గానీ పనిచేసే చోట పిల్లల సంరక్షణ గది ఉండాలనీ, తల్లిని రోజుకు నాలుగుసార్లు అక్కడికి వెళ్ళనివ్వాలనీ చేర్చారు. 2025 నవంబరులో ఆ చట్టం స్థానంలో అమలులోకి వచ్చిన సామాజిక భద్రత కోడ్‌లోనూ ఇవే ఉన్నాయి. మీ శాఖలో గది ఉండకపోవచ్చు. విరామాలను మాత్రం చేరే రోజునే కాగితం మీద రాసి అడగండి. అడగనిదే అమ్మైనా పెట్టదన్నారు, బ్యాంకు పెడుతుందా?

బిడ్డకు నష్టమా అన్న మీ మొదటి ప్రశ్నకు వస్తాను. అమెరికాలో 1991లో పుట్టిన పిల్లలను, 1300 మందికి పైగా, ఏళ్ళ తరబడి గమనిస్తూ వెళ్ళిన ఒక పెద్ద పరిశీలన ఉంది. పగలు ఎవరు చూసుకున్నారన్నదానికంటే, తల్లి బిడ్డతో మెలిగే తీరూ ఇంటి వాతావరణమూ పిల్లల ఎదుగుదలను ఎక్కువగా ప్రభావితం చేశాయని అందులో తేలింది. ఉన్నమాట దాచకూడదు కాబట్టి ఇదీ చెప్తున్నాను: చాలా ఎక్కువ గంటలు సంరక్షణ కేంద్రాల్లో గుంపుగా గడిపిన పిల్లల్లో మొండితనం, దురుసుతనం స్వల్పంగా ఎక్కువ కనిపించాయని కూడా అదే పరిశీలన చెప్పింది. మీ పాప గుంపులో పెరగబోవడం లేదు, నాయనమ్మ ఒడిలో పెరగబోతోంది.

1970లలో ఎడ్వర్డ్ ట్రానిక్ అనే మనస్తత్వ శాస్త్రవేత్త ఒక ప్రయోగం చేశారు. బిడ్డతో ఆడుతున్న తల్లిని రెండు మూడు నిమిషాల పాటు ముఖంలో ఏ కదలికా లేకుండా ఉండమన్నారు. బిడ్డ నవ్వి చూస్తుంది, చేతులు చాస్తుంది, అరుస్తుంది, చివరికి ముఖం తిప్పేసుకుంటుంది. తల్లి మళ్ళీ మామూలుగా పలకరించగానే, కాస్త అలక తరువాత, తిరిగి కలిసిపోతుంది. మామూలు రోజుల్లో కూడా తల్లీబిడ్డలు ఒకరికొకరు సరిగ్గా తాళం కలిసి ఉండేది సుమారు 30 శాతం సమయమేననీ, తక్కినదంతా తప్పిపోవడం, మళ్ళీ కలుపుకోవడమేననీ ఆయన పరిశీలనల్లో తేలింది. అంతకు ముందే లండన్ పిల్లల వైద్యుడు డోనాల్డ్ వినికాట్, 1953 నాటి రచనలో, లోపమే లేని తల్లి బిడ్డకు అక్కరలేదనీ ‘తగినంత మంచి తల్లి’ చాలుననీ అన్నారు. ఆయన లెక్కలో అలాంటి తల్లి పుట్టిన కొత్తలో బిడ్డ అవసరానికి పూర్తిగా లొంగి ఉంటుంది. బిడ్డకు ఓర్చుకునే శక్తి పెరిగేకొద్దీ కొంచెం కొంచెంగా ఎడం ఇస్తుంది. ఆ ఎడం లోనే బిడ్డ లోకాన్ని తెలుసుకుంటుంది.

అయితే సమయం గురించి ఒక హెచ్చరిక ఉంది. ఎనిమిదో నెల ప్రాంతం నుంచి పిల్లలకు తల్లి కనుమరుగైతే భయం మొదలవుతుంది, అది ఏడాది దాటాక కూడా కొన్నాళ్ళు ఉంటుంది. మీరు చేరిన కొద్ది వారాలకే అది కనిపిస్తే ఉద్యోగమే కారణమనుకుని కుమిలిపోవద్దు. ఇంట్లోనే ఉన్న తల్లులు స్నానానికి వెళ్ళినా ఆ వయస్సు పిల్లలు ఏడుస్తారు. ఒక్కటి చేయవద్దు: పాప చూడకుండా దొడ్డిదారిన జారుకోవద్దు. ఏడ్చినా సరే, చెప్పి వెళ్ళండి. దోబూచులాట బాగా ఆడించండి. చీర చెంగు చాటుకు వెళ్ళిన ముఖం మళ్ళీ వస్తుందని ఆ వయస్సు బిడ్డకు నేర్పే పాఠం అంతకంటే మరొకటి లేదు. ఈ మూడు వారాలూ ఖాళీగా పోనివ్వకుండా మొదట ఒక గంట, తరువాత రెండు, తరువాత పూట చొప్పున బయటికి వెళ్ళి రావడం మొదలుపెట్టండి.


జవాబు: టెక్సాస్ నుంచి ఒక తల్లి

నేను మీరు అనుకుంటున్న ఆ ‘మంచి తల్లి’ వేషాన్ని ఎనిమిదేళ్ళు వేసినదాన్ని కాబట్టి నా సంగతి రాయడం సబబనిపించింది. మా వారి ఉద్యోగం మీద ఆధారపడిన హెచ్-4 వీసాతో 2011లో ఇక్కడికి వచ్చాను. అప్పట్లో ఆ వీసా మీద ఉన్నవారికి పనిచేసే హక్కే లేదు. 2015లో కొందరికి అనుమతి ఇచ్చారు. మా దస్తావేజులు ఆ వరుసలోకి రావడానికి ఇంకో నాలుగేళ్ళు పట్టింది. ఈ మధ్యలో మా అబ్బాయి పుట్టాడు. మా అమ్మ సందర్శకుల వీసాతో వచ్చి ఆరు నెలలు ఉండి, కాయం తినిపించి, పథ్యం చేయించి, పిల్లవాడికి నలుగు పెట్టి, కన్నీళ్ళతో వెళ్ళిపోయింది. తరువాత నేనూ వాడూ నాలుగు గోడలూ. హైదరాబాదులో సాఫ్ట్‌వేర్ ఉద్యోగం వదిలి బిడ్డకు అంకితమైందని బంధువులందరూ నన్ను మెచ్చుకున్నారు. అది నేను ఎంచుకున్నది కాదని, వీసా ఎంచిందని ఎవరికీ తట్టలేదు. చెప్పడం నాకూ చేతకాలేదు.

పగలంతా ఇంట్లోనే ఉన్నాను. ఉన్నానే గానీ, నర్సు గారు రాసిన ఆ కదలిక లేని ముఖం చాలా మధ్యాహ్నాలు నాదే. వాడు బొమ్మ తెచ్చి చూపిస్తే చూసేదాన్ని, చూస్తూనే ఇంకెక్కడో ఉండేదాన్ని. గుంటూరు సోదరి చెప్పిన మొదటి అడుగు, మొదటి మాట అన్నీ నా ఎదుటే జరిగాయి. మొదటి అడుగు వేసిన రోజు నేను కిటికీ దగ్గర నిలబడి ఉన్నాను, వెనక్కి తిరిగేసరికి వాడు సోఫా వదిలి బల్ల దగ్గర నిలబడి ఉన్నాడు.

ఇది చెప్పడానికి కష్టంగా ఉంది గానీ చెప్తాను. వాడికి పదేళ్ళు వచ్చాక ఒకరోజు హోంవర్కు దగ్గర మాట మాట పెరిగి, ‘నీ కోసం నా ఉద్యోగం వదులుకున్నాను’ అనేశాను. నిజానికి వాడి కోసం కాదు. వాడు పుట్టక ముందే పోయింది ఆ ఉద్యోగం. వాడు కాసేపు ఆలోచించి, ‘నేను అడగలేదు కదమ్మా’ అన్నాడు, పొగరుగా కాదు, నిజంగానే లెక్క తేలక అడిగినట్టు. ఆ రోజు నుంచి త్యాగం అన్న మాటంటే నాకు భయం. మనం చేసిన త్యాగానికి రశీదు ఎప్పుడో ఒకప్పుడు బిడ్డ చేతికే అందుతుంది.

ఇక్కడ మరో కోణం కూడా ఉంది. ఈ దేశంలో జీతంతో కూడిన ప్రసూతి సెలవును దేశమంతటికీ వర్తించేలా ఇచ్చే చట్టమే లేదు. 1993 నాటి చట్టం అర్హులైనవారికి 12 వారాల సెలవు ఇస్తుంది గానీ జీతం ఇవ్వదు. నా స్నేహితురాళ్ళు మూడో నెల పిల్లలను సంరక్షణ కేంద్రంలో వదిలి వెళ్ళినవారే. వాళ్ళ పిల్లల్లోనూ నా వాడిలోనూ ఈనాడు ఏ తేడా నాకు కనిపించదు. కాకి పిల్ల కాకికి ముద్దనుకున్నా సరే, నా వాడే మెరుగని చెప్పలేను. ఇంట్లో ఉండాలని మీకు ఉంటే ఉండండి, అది చక్కని పని. ఉండాలని లేకుండా ఉండవద్దు.


జవాబు: ఇద్దరు ఆడపిల్లల తండ్రి

క్లుప్తంగా రాస్తాను. మీ లేఖలో మీ అత్తగారు ఉన్నారు, చుట్టాలు ఉన్నారు, ఇంటి రుణం ఉంది. మీ వారు ఒకే ఒక వాక్యంలో కనిపించారు, అదీ రైలెక్కుతూ. మా పెద్దమ్మాయికి తొమ్మిదో నెల టీకా వేయించడానికి నేను ఒక్కడినే ఆసుపత్రికి వెళ్తే అక్కడ నన్ను అడిగిన మొదటి మాట ‘తల్లి రాలేదా?’ అన్నది. చేతిలో ఉన్న కార్డు పేరు కూడా తల్లీబిడ్డల రక్షణ కార్డే. తండ్రి అక్కడ సంచులు మోసే మనిషి. ఏ పూట ఎంత తినిందో, విరేచనం ఎలా అయిందో నేను గడగడా చెప్పేసరికి వాళ్ళు ఆశ్చర్యపోయి మెచ్చుకున్నారు. అదే సమాధానం మా ఆవిడ చెప్పి ఉంటే ఎవరూ తల కూడా ఎత్తేవారు కారు.

ఏలూరు రైలుకు ముందు ఉదయం ఐదు నుంచి ఆరున్నర వరకు పాప ఎవరి చేతిలో ఉంటుందో, రాత్రి ఎనిమిది తరువాత ఎవరి చేతిలో ఉంటుందో ముందు తేల్చుకోండి. మీ రెండో ప్రశ్నలో సగం అక్కడే ఉందని నా అభిప్రాయం.


జవాబు: కోనసీమ అమ్మమ్మ

అమ్మాయీ, నాకు 66 ఏళ్ళు. ముప్ఫై ఏళ్ళు అంగన్‌వాడీ నడిపి, ఇప్పుడు హైదరాబాదులో మా అమ్మాయి పిల్లలను చూసుకుంటున్నాను. అందరూ నీ గురించి రాశారు, నేను మీ అత్తగారి గురించి రాస్తాను.

అంతకన్నా ముందు ఒక మాట. మా అమ్మ నాట్లకూ కలుపులకూ వెళ్ళిన మనిషి. బాలింతగా లేచిన మూడో నెలలో నన్ను చేలోకి తీసుకెళ్ళి, గట్టు మీది తుమ్మచెట్టు కొమ్మకు పాత చీరతో ఊయల కట్టి, మా అక్కను కాపలా ఉంచి మడిలోకి దిగేది. మా అక్కకు అప్పుడు ఆరేళ్ళు. నేను ఏడిస్తే అక్క కేక వేసేది, అమ్మ బురద చేతులు కాలువలో కడుక్కుని వచ్చి పాలిచ్చి మళ్ళీ వెళ్ళేది. మా వాడలో ఉన్నవాళ్ళందరూ అలా పెరిగినవాళ్ళే. బిడ్డను వదిలి పనికి వెళ్ళే తల్లి మంచిదా కాదా అని మా అమ్మను అడిగినవాడు లేడు, ఎందుకంటే ఆమె నాటిన వరి అందరికీ కావాలి. గడప దాటని తల్లే మంచి తల్లి అన్న మాట కూలికి పోనక్కరలేని ఇళ్ళలో పుట్టింది. 1975 అక్టోబరు 2న ఈ అంగన్‌వాడీలు మొదలైనప్పుడు కూడా ఆటపాటలకు మూడేళ్ళు నిండిన పిల్లలనే తీసుకున్నారు. దానికి లోపు పిల్లలకు తిండి ఇచ్చారు గానీ చోటు ఇవ్వలేదు. ఆ మూడేళ్ళూ కూలి తల్లి ఎవరిని పట్టుకోవాలో ఎవరూ చెప్పలేదు. మా కేంద్రానికి తమ్ముడినో చెల్లెలినో చంకన వేసుకుని వచ్చే ఐదేళ్ళ పిల్లలను నేను ఎందరినో చూశాను. లోపలికి రానివ్వకూడదని నియమం, రానివ్వక ఎక్కడికి పంపను?

గొప్ప తల్లి ఎవరంటే మనవాళ్ళు యశోద పేరు చెప్తారు. ఆ కథ సరిగ్గా గుర్తు తెచ్చుకో. ఆవిడ చల్ల చిలుకుతుంటే పిల్లవాడు వచ్చి కవ్వం పట్టుకున్నాడు, ఒళ్ళో కూర్చోబెట్టుకుని పాలిచ్చింది. ఇంతలో పొయ్యి మీద పాలు పొంగాయి. ఆవిడ ఏం చేసింది? కడుపు నిండని బిడ్డను కింద దింపి పొయ్యి దగ్గరికి పరిగెత్తింది. అందుకే కదా వాడికి కోపం వచ్చి పెరుగు కుండ పగలగొట్టింది, ఆవిడ రోలుకు కట్టబోయింది, తాడు రెండంగుళాలు తక్కువైంది. ఆవిడకూ ఇంట్లో పని ఉంది, ఆ పని మీద ధ్యాసా ఉంది. ఆ కథ చెప్పే పురాణం వినేటప్పుడు ఆవిడ మంచి తల్లి కాదని అన్నవాళ్ళను నేను చూడలేదు.

ఇప్పుడు మీ అత్తగారు. మా అమ్మాయి రెండో కాన్పు తరువాత ఉద్యోగంలో చేరుతానంటే నేను కూడా సరిగ్గా అదే మాట అన్నాను: ‘పసిగుడ్డును వదిలి ఎలా పోతావే, తల్లివి కావా?’ అని. మా అమ్మాయి మూడు రోజులు నాతో మాట్లాడలేదు. అసలు సంగతి ఏమిటంటే నాకు భయం వేసింది. అప్పటికే మోకాళ్ళు అరిగిపోయాయి. పెద్దవాడిని ఎత్తుకుని మేడ మెట్లు దిగుతూ ఒకసారి తూలాను, రెయిలింగు దొరికింది కాబట్టి సరిపోయింది. ఆ సంగతి ఇంట్లో ఎవరికీ చెప్పలేదు. చెప్తే ఇక నా చేతికి బిడ్డను ఇవ్వరని ఒక బాధ, చెప్పకపోతే రోజంతా నా ఒక్కదాని మీదే వదిలేస్తారని ఒక భయం. ముప్ఫై ఏళ్ళు ఊరి పిల్లలను చూసినదాన్ని, సొంత మనవరాలిని చూడలేనని ఏ నోటితో చెప్పను? అందుకని నా చేతకానితనాన్ని దాని తల్లితనం మీదికి తోసేశాను.

మీ అత్తగారిదీ అదేనని నేను అనడం లేదు. ఆవిడను నేను ఎరగను. కానీ నాలుగేళ్ళలో మాట తూలని మనిషి ఎవరి వైపూ చూడకుండా ఆ మాట అన్నదని రాశావే, అక్కడ నాకు అనుమానం వచ్చింది. ఏడో నెల బిడ్డ ఏడెనిమిది కిలోలు ఉంటుంది. ఇంకో నెలలో పాకుతుంది, ఆ తరువాత కంటి మీద రెప్ప వేయనివ్వదు. ఉదయం తొమ్మిది నుంచి సాయంత్రం ఏడు దాకా అంటే పది గంటలు. స్నానానికి వెళ్ళాలన్నా, రెండు ముద్దలు తినాలన్నా ఆవిడకు ఎవరు ఉన్నారు? ‘మీరు చూసుకోగలరా?’ అని అడగవద్దు, చూసుకోగలననే అంటుంది. ‘అత్తయ్యా, మోకాళ్ళు ఎలా ఉన్నాయి, రాత్రి నిద్ర పడుతోందా?’ అని అడుగు. పడక నేల మీదికి మార్చండి, మంచాల మీది నుంచి పిల్లలు పడేది ఈ వయస్సులోనే. పది నుంచి నాలుగు దాకా ఒక మనిషిని పెట్టుకోండి. బిడ్డను ఎత్తడం, కడగడం ఆ మనిషి చేస్తే, తినిపించడం, కథలు చెప్పడం, నిద్రపుచ్చడం మీ అత్తగారు చేస్తారు. ఆ మనిషికి ఇచ్చే జీతాన్ని నీ జీతంలోంచి మాత్రమే తీసి లెక్క వేయకు. బిడ్డ ఇద్దరిదీ అయినప్పుడు ఆ ఖర్చూ ఇద్దరిదే.


ప్రశ్న అడిగినవారి నుంచి మళ్ళీ: బెజవాడ బ్యాంకు ఉద్యోగిని

పన్నెండు రోజుల తరువాత రాస్తున్నాను. అందరికీ కృతజ్ఞతలు. అమ్మమ్మ గారు చెప్పినట్టే మోకాళ్ళ గురించి అడిగాను. మా అత్తగారు మొదట ‘నాకేం, బాగానే ఉన్నాను’ అన్నారు. రాత్రి పాపకు కాళ్ళ మీద నూనె రాస్తూ, తల ఎత్తకుండానే, మోకాళ్ళు కాదు, కళ్ళు అని చెప్పారు. సాయంత్రం ఐదు దాటితే కుడి కన్ను మసకగా కనిపిస్తోందట, ఆరు నెలలుగా అలాగే ఉందట. పాప నోట్లో ఏదైనా చిన్న వస్తువు పెట్టుకుంటే తనకు కనిపించదేమోనని ఆవిడకు నిద్ర పట్టడం లేదు. ఇంట్లో ఇద్దరం ఒకే గోడకు అటూ ఇటూ పడుకుని మెలకువగా ఉన్నాం. కంటి వైద్యుడు శుక్లం అన్నారు, వచ్చే నెలలో శస్త్రచికిత్స. అందువల్ల నా సెలవును జీతం లేకుండా మరో ఐదు వారాలు పొడిగించమని అడిగాను, నాలుగు వారాలు ఇచ్చారు. గుంటూరు సోదరి గారి సలహా ఈ విధంగా సగం పాటించినట్టయింది. ఆ తరువాత పది నుంచి నాలుగు దాకా ఉండడానికి మా వీధిలోనే ఒకామె ఒప్పుకున్నారు.

మా వారికి తండ్రిగారి జవాబును చదివి వినిపించాను. ‘రైలెక్కుతూ’ అన్న చోట నవ్వి, తరువాత నవ్వడం మానేశారు. ఈ పది రోజులుగా ఉదయం స్నానం, మొదటి ముద్ద ఆయనవే. పప్పన్నం మరీ పలచగా కలుపుతున్నారు, చెంచా వంచితే జారిపోతోంది. చిక్కగా ఉండాలని చెప్పాను. రెండుసార్లు చెప్పి ఊరుకున్నాను.

వైద్యురాలిని కలిశాను. నర్సు గారు ఊహించినది నిజమే, మందూ మాట్లాడే వైద్యమూ రెండూ మొదలయ్యాయి. పాలివ్వడం ఆపనక్కరలేని మందే ఇచ్చారు. నిద్ర కొంచెం మెరుగైంది. నాలో ఏదో లేదన్న అనుమానం పోయిందని చెప్పలేను, తెల్లవారుజామున ఇంకా వచ్చి కూర్చుంటోంది.

మొన్న మొదటిసారి రెండు గంటలు బయటికి వెళ్ళాను. చెప్పే వెళ్ళాను. పాప ఏడ్చింది. బందరు కాలువ దాకా నడిచి వెళ్ళి, చేయడానికి పనేమీ లేక తిరిగి వచ్చాను. పాప నన్ను చూసి ముఖం తిప్పుకుని నాయనమ్మ భుజంలో దాచుకుంది. నేను చెంగు చాటు నుంచి రెండుసార్లు పలకరించాక ఒక కన్నుతో చూసింది.

నర్సు గారికి ఒక ప్రశ్న. మా శాఖలో ఫ్రిజ్ లేదు. మంచు గడ్డల సంచిలో మధ్యాహ్నం పన్నెండుకు పిండిన పాలను సాయంత్రం ఏడు వరకు ఉంచవచ్చునా, లేక ఎవరినైనా పంపి మధ్యలోనే ఇంటికి చేర్చడం మంచిదా?


జవాబు: పిల్లల వార్డు నర్సు

సంచి మందంగా ఉండి, గడ్డకట్టిన మంచు పొట్లాలు గిన్నెకు నాలుగు వైపులా ఆనుకుని ఉంటే ఏడు గంటలకు భయం లేదమ్మా. ఒక రోజంతా కూడా ఉంచవచ్చు. మీ శాఖకు వెళ్ళే ముందే ఇంట్లో ఒకసారి నీళ్ళు పోసి పరీక్షించి చూసుకోండి. సాయంత్రం తీసేసరికి పొట్లాల్లో మంచు ఇంకా మిగిలి ఉండాలి, గిన్నె చేతికి చల్లగా తగలాలి. మంచు పూర్తిగా కరిగిపోయి ఉంటే పొట్లాలు ఇంకో రెండు ఎక్కువ పెట్టండి. ఇంటికి రాగానే ఫ్రిజ్‌లో పెట్టి, మరునాడు పగలు వాటినే ముందు వాడమని చెప్పండి. గిన్నె మూత మీద తేదీ, వేళ రాయడం మరవకండి. మీ అత్తగారికి కంటి శస్త్రచికిత్స అయ్యే వరకు ఆ అక్షరాలు పెద్దవిగా రాయండి.